‘ఎర్రచొక్కాలోళ్లు నీకేమవుతార్రా?’ – నెల్లూరు ఫుట్‌బాల్ అభిమానిని తరచుగా అడిగే ప్రశ్నలు

ఫుట్‌బాల్ అభిమానుల మీద కొందరు కుర్రాళ్లు తీసిన డాక్యుమెంటరీలో నేను నాలుగు నిమిషాల చిల్లర కనిపిస్తాను. మైపాడు దారిలో రొయ్యల చెరువు గట్టు మీద, రేకుల షెడ్డులో, అర్ధరాత్రి ఫోన్ ముందు మోకాళ్లు ముడుచుకుని కూర్చున్న మనిషిని నేనే. అది బయటికొచ్చిన దగ్గర్నుంచి టీ బంకు దగ్గర, పెళ్లి భోజనాల్లో, షాపులో మేత బస్తాలకు బిల్లు రాస్తుండగా అవే ప్రశ్నలు. ప్రతి ఒక్కరికీ మొదట్నుంచీ చెప్పే ఓపిక లేక ఇలా రాసి పెడుతున్నా. పేరు రాయడం లేదు. తెలిసినవాళ్లకు ఎలాగూ తెలుసు, తెలియనివాళ్లకు దాంతో పని లేదు.

మీరు ఏం చేస్తుంటారు? ఫుట్‌బాల్ ఆడతారా?

ఆడను. చిన్నప్పుడు ఆడాను, అదీ వాలీబాల్‌తో. మా స్కూల్లో ఉన్న ఒకే ఒక్క ఫుట్‌బాల్ గాలి పోయి బీరువాలో ఉండేది. ఒక వేసవిలో రైస్ మిల్లు గోడ మీద అసలు గోల్ కొలత ప్రకారం, అంటే 24 అడుగుల వెడల్పు, 8 అడుగుల ఎత్తు, సుద్దముక్కతో గీశాం. గీశాక దాని ముందు నిలబడితే అర్థమైంది, గోల్‌కీపర్ అనేవాడు ఎంత పెద్ద ఇంటికి కాపలా ఉంటాడో.

ఇప్పుడు రొయ్యల మేత షాపులో లెక్కలు రాస్తాను. మా అక్క మొగుడు, అంటే బావ, మైపాడు దగ్గర చెరువులు లీజుకు తీసుకుని వనామీ రొయ్య వేస్తాడు. మ్యాచ్ ఉన్న రాత్రి ఆ చెరువుల కాపలా నాది. ఈ ఒప్పందం ఎలా కుదిరిందో కింద చెబుతాను.

క్రికెట్ వదిలేసి ఇదేంటి? అందులోనూ లివర్‌పూల్ ఏంటి?

క్రికెట్ వదల్లేదు. లివర్‌పూల్, అంటే ఇంగ్లండ్‌లో ఎర్రచొక్కాలు వేసుకుని ఆడే ఫుట్‌బాల్ క్లబ్, మాత్రం ఒక తప్పు వల్ల అంటుకుంది.

2005 మే నెల. పదో తరగతి పరీక్షలు రాసి ఖాళీగా ఉన్నా. మద్రాసులో ఇంజినీరింగ్ చదివే మా పెద్దమ్మ కొడుకు సెలవులకు మా ఇంటికి వచ్చాడు. ఆ అన్నకు ఫుట్‌బాల్ పిచ్చి. మే 25న ఇస్తాంబుల్‌లో ఛాంపియన్స్ లీగ్ (యూరప్ పెద్ద క్లబ్బుల పోటీ) ఫైనల్, లివర్‌పూల్‌కీ ఇటలీ క్లబ్ ఏసీ మిలాన్‌కీ. మనకు మొదలయ్యేసరికి రాత్రి పన్నెండుంబావు, అంటే తేదీ మారిపోయింది. నాయన నిద్రలేస్తాడని టీవీ సౌండ్ సున్నాలో పెట్టి చూస్తున్నాం. మొదటి నిమిషంలోనే మాల్దిని గోల్. తర్వాత క్రెస్పో రెండు. హాఫ్‌టైమ్‌కి 3-0.

“ఇంకేముందన్నా, అయిపోయింది” అని నేను మిద్దె ఎక్కేశా. సాయంత్రం నీళ్లు చల్లి ఉంచిన మిద్దె, చాప, కాస్త గాలి. ఆ ఎండాకాలంలో ఆ నిద్ర ఎంత హాయిగా పట్టిందో ఇప్పటికీ గుర్తుంది. అదే నా బాధ.

పొద్దున దిగేసరికి అన్న కళ్లు మిరపకాయల్లా ఉన్నాయి. “కప్పు గెలిచార్రా” అన్నాడు. “మిలానేగా” అన్నా. నా వంక చూసిన చూపు ఉంది చూశారూ, పరీక్ష ఫెయిలైనవాణ్ణి కూడా అలా చూడరు. 54వ నిమిషంలో జెరార్డ్, 56లో స్మిసెర్, 60లో అలొన్సో. ఆరు నిమిషాల్లో మూడు గోల్స్. ఆ తర్వాత పెనాల్టీలు, షెవ్‌చెంకో కొట్టింది డూడెక్ ఆపేశాడు, అంతే. అన్న అబద్ధం చెబుతున్నాడేమో అని పేపర్ తీశా. మన జిల్లా ఎడిషన్ అప్పటికే అచ్చయి బస్సెక్కేసి ఉంటుంది, అందులో ఫలితమే లేదు. సాయంత్రం టీవీలో ముక్కలు ముక్కలుగా చూసేదాకా నమ్మలేదు.

అప్పట్నుంచి ఒక నియమం. రెఫరీ చివరి విజిల్ ఊదేదాకా లేవను. ఎంత ఓడుతున్నా లేవను. ఇరవై ఏళ్లలో ఒక్కసారే లేచాను, దాని సంగతి తర్వాత.

డాక్యుమెంటరీ వాళ్లకు మీరెలా దొరికారు?

ఫ్లెక్సీ వల్ల. షెడ్డు మీద లివర్‌పూల్ గుర్తు, ఆ లైవర్ పక్షి బొమ్మ, ఫ్లెక్సీ వేయించాను. ప్రింటింగ్ షాపు కుర్రాడు డిజైన్ చూసి “అన్నా, ఫొటో ఎవరిది పెట్టాలి?” అని అడిగాడు. ఎవరిదీ వద్దన్నా. “మూలల్లో అయినా గుండ్రాల్లో ఓ నలుగురివి వేద్దాం, లేకపోతే బోసిగా ఉంటుంది” అన్నాడు. పక్షి చాలన్నాక అనుమానంగా చూసి, “జన్మదిన శుభాకాంక్షలు కూడా వద్దా?” అని ఆఖరిసారి అడిగి, ప్రింట్ ఇచ్చాడు. మొన్నటి ఎన్నికలప్పుడు గట్టు మీద పోతున్న ఒకాయన బండి ఆపి, ఇది ఏ పార్టీ గుర్తు, కోడ్ ఉందని తెలియదా అని గదమాయించాడు. బావ వచ్చి “సార్, అది కొంగ, రొయ్యలు తినకుండా బెదిరించడానికి పెట్టాం” అని పంపించేశాడు. దాని ఫొటో నలుగురి ఫోన్లు తిరిగి ఆ కుర్రాళ్లకు చేరింది.

వాళ్లకు ఇందులో వింత కనిపించింది కానీ నాకేమీ లేదు. అభిమానం అనే విద్యలో మన జిల్లాలవాళ్లకు ఒకరు నేర్పాలా? కటౌట్లు, పూలదండలు, పాలాభిషేకాలు, తెల్లవారుజాము బెనిఫిట్ షోలు చూస్తూ పెరిగాం. యూరప్ స్టేడియాల్లో గోల్ వెనక స్టాండ్ మొత్తం కప్పేసేలా పరిచే బొమ్మల్ని టిఫో అంటారు. మొదటిసారి చూసినప్పుడు నాకు అనిపించింది ఇదే, మన థియేటర్ ముందు కట్టేది నిలువుగా ఉంటుంది, వీళ్లది చేతుల మీద ఉంటుంది, అంతే తేడా. 2022 ప్రపంచ కప్‌కు ముందు కేరళలో కోళికోడ్ దగ్గర పుల్లావూర్ నదిలో మెస్సీకి 30 అడుగులు, నెయ్‌మార్‌కు 40 అడుగుల కటౌట్లు పెట్టారు, గుర్తుందా? ప్రపంచమంతా ఆశ్చర్యపోయింది. మేం మాత్రం కర్రలు ఎంత లోతు పాతారో అని చర్చించుకున్నాం.

షూటింగ్ ఎలా జరిగింది? డబ్బులిచ్చారా?

డబ్బులివ్వలేదు, అడగలేదు. ఒక కాగితం మీద సంతకం పెట్టించుకున్నారు. దారి ఖర్చులకు వాళ్ల దగ్గరే లేనట్టు కనిపించింది, మధ్యాహ్నం మా అమ్మే అన్నం పెట్టింది. చేపల పులుసు నిన్నటిదని మొహమాటపడుతూ వడ్డిస్తే, నిన్నటిదే బాగుంటుందని వాళ్లకు మూడో ముద్దకు తెలిసింది.

సినిమావాళ్లతో కష్టం శబ్దం దగ్గర వస్తుంది. మే నెల, మధ్యాహ్నం, ఇంట్లో కూర్చోబెట్టి కాలర్‌కు చిన్న మైకు తగిలించి, “సార్, ఫ్యాన్ ఆపేద్దామా?” అన్నారు. ఆపాం. “కూలర్?” ఆపాం. ఇంకా ఏదో గుయ్‌మంటోందని చెవిలో పెట్టుకున్నాయన చెయ్యెత్తాడు. ఫ్రిజ్. ప్లగ్ పీకేశారు. చెమట కంట్లోకి దిగుతుంటే తుడుచుకోవద్దు, షాట్ పోతుంది అన్నారు. దానికి తోడు మెడలో స్కార్ఫ్ వేసుకోమన్నారు. ఊలు స్కార్ఫ్! నెల్లూరులో, మేలో! అది ఇంగ్లండ్ చలికి పుట్టిన వస్తువు. మా ఇంట్లో అది గోడ మేకుకు వేలాడుతుంది, ఏడాదికోసారి దులుపుతాం. ఒప్పుకోలేదు. చివరికి భుజం మీద తువ్వాల్లా వేసుకుంటే సరేనన్నారు.

అన్నీ సర్దుకుని వెళ్లారు. ఫ్రిజ్ ప్లగ్ పెట్టడం అందరం మరిచిపోయాం. పొద్దున పాలు విరిగిపోయాయి. ఇప్పటికీ ఎవరైనా ఆ డాక్యుమెంటరీని మెచ్చుకుంటే మా అమ్మ అనే మొదటి మాట, “ఆ రోజు లీటరు పాలు పోయినాయి.”

అందులో ఉన్నదంతా నిజమేనా, నటించారా?

ఒక ముక్క నటించాను, దాచను. వాళ్లు మూడు రాత్రులు వచ్చారు. ఒక రాత్రి మ్యాచ్ 0-0. కెమెరా నా మొహం మీదే గంటన్నర. పాపం, ఆవలింతలు తప్ప ఏమీ దొరకలేదు. పాత గోల్ ఒకటి ఫోన్లో పెట్టి “ఇప్పుడే పడినట్టు ఒకసారి…” అని బతిమాలారు. అరిచాను. నా అరుపు నాకే అసహ్యంగా వినిపించింది. వాళ్లకూ అలాగే అనిపించి ఉంటుంది, చివరికి వాడుకోలేదు. వాడుకున్నది ఆ ఆవలింతలనే. అందుకే నాకు ఆ సినిమా మీద గౌరవం.

మీ జేజి అడిగిన ప్రశ్నకు జవాబేంటి?

సినిమాలో హీరో నేను కాదు, మా జేజి, అంటే మా అవ్వ. మంచం మీద కూర్చుని వక్క నమిలే ఆవిడ కెమెరాను పట్టించుకోకుండా నన్ను అడిగింది: “అది సరేరా, ఆ ఎర్రచొక్కాలోళ్లు నీకేమవుతారు?” హాల్లో చూసినప్పుడు ఇక్కడే అందరూ నవ్వారు. నేను నవ్వలేకపోయాను.

ఆవిడ అడిగింది వెటకారంగా కాదు. మన దగ్గర మనిషికీ మనిషికీ మధ్య ఒక వరస ఉండాలి. బస్సులో పక్క సీటువాడితో మాట కలిస్తే నెల్లూరు దాటేలోపు బాబాయో బావో తేలిపోవాలి. వరస లేనివాళ్ల కోసం నిద్ర మానుకోవడం ఆవిడ లెక్కలో లేదు.

మిగతా దేశాలవాళ్లు ఈ వరసకు ఏం పేరు పెట్టారా అని చూశాను. ఇటలీలో టిఫోసి అంటారు, ఆ మాటకు మూలం టైఫస్ జ్వరమని చెబుతారు. మన పేపర్లు “క్రికెట్ ఫీవర్” అని రాసినట్టే. బ్రెజిల్లో టోర్సిడా, అంటే మెలిపెట్టడం, టెన్షన్‌లో చేతిరుమాలు మెలితిప్పుతూ చూసేవాళ్లని. నాకు బాగా నచ్చింది స్పానిష్ మాట, హించా. దాని కథ ఉరుగ్వేది. మాంటెవిడియోలో నాసియొనాల్ క్లబ్‌కు బంతుల్లో గాలి నింపే ఒకాయన ఉండేవాడట. పంపుల్లేని కాలం, ఊపిరితోనే ఊదాలి. ఊదడాన్ని వాళ్ల భాషలో హించార్ అంటారు. పని అయ్యాక ఇంటికి పోకుండా గీత పక్కన పరిగెడుతూ గొంతు చించుకుని అరిచేవాడు. ఎవరా అరిచేదంటే, గాలి కొట్టేవాడు. అలా అరిచేవాళ్లందరికీ ఆ పేరే స్థిరపడింది.

జేజికి ఈ కథ చెప్పాను. “అతనికి జీతమిచ్చార్రా, నీకేమిచ్చారు?” అంది.

అర్ధరాత్రి మ్యాచ్‌లు, పొద్దున ఉద్యోగం. ఎలా కుదురుతుంది?

లెక్క చెబుతాను, కొత్తగా చూసేవాళ్లకు పనికొస్తుంది. ఇంగ్లండ్‌లో శనివారం మధ్యాహ్నం మూడింటి ఆట మనకు వేసవిలో రాత్రి 7:30, చలికాలంలో 8:30. వాళ్లు ఏటా మార్చి, అక్టోబర్ చివరి ఆదివారాల్లో గడియారం ఒక గంట తిప్పుతారు, అందుకే ఈ తేడా. ఛాంపియన్స్ లీగ్ రాత్రులు మాత్రం ప్రాణం తీస్తాయి. వేసవి టైములో పన్నెండున్నర, చలికాలంలో ఒంటిగంటన్నర. ఎక్స్‌ట్రా టైమ్, పెనాల్టీలు పడితే పాలవాడు వచ్చేస్తాడు.

ఇంకో తమాషా. ఆ శనివారం మూడింటి మ్యాచ్‌లు ఇంగ్లండ్‌లో టీవీలో రావు. జనం ఇంట్లో కూర్చుంటే చిన్న క్లబ్బుల గేటు డబ్బులు పోతాయని 1960ల నుంచి ఉన్న కట్టుబాటు అది, మధ్యాహ్నం 2:45 నుంచి 5:15 దాకా ప్రసారం నిషేధం. అంటే టికెట్ దొరకని లివర్‌పూల్ ఊరివాడు రేడియో వింటుంటే, నెల్లూరు మూలాపేటలో ఒకడు మంచం మీద పడుకుని లైవ్ చూస్తుంటాడు.

ఇక ఒప్పందం సంగతి. రొయ్యల చెరువులో రాత్రిపూట ఆక్సిజన్ పడిపోతుంది. పగలు ఎండకు నీళ్లలోని పచ్చనాచు ఆక్సిజన్ ఇస్తుంది, రాత్రి అదే పీల్చుకుంటుంది. తెల్లవారుజామున మరీ తక్కువ. అప్పుడు నీళ్లు చిలికి గాలి కలిపే ఏరియేటర్లు ఆగితే రొయ్యలు తేలిపోతాయి, పెట్టుబడి మునిగిపోతుంది. అందుకే ఎవరో ఒకరు మేలుకుని ఉండాలి. బావ ఒకరోజు ఆలోచించి, “బామ్మర్దీ, నువ్వెలాగూ నిద్రపోవు. ఆ నిద్రపోకపోయేది మా చెరువు దగ్గర నిద్రపోకుండా ఉండు” అన్నాడు. అక్క ఫ్లాస్కులో టీ పోసి పంపిస్తుంది. ఇంట్లో అయితే గోల్ పడినా నోట్లో దుప్పటి కుక్కుకోవాలి. అక్కడ ఎంత అరిచినా ఏరియేటర్ల హోరులో కలిసిపోతుంది. కళ్లు మూసుకుని వింటే ఆ నీళ్ల హోరు నిండిన స్టేడియంలాగే ఉంటుంది.

చివరి విజిల్ కాకుండా లేచిన ఆ ఒక్కసారి ఏది?

2019 మే 7, మనకు 8వ తేదీ అర్ధరాత్రి దాటాక. ఛాంపియన్స్ లీగ్ సెమీఫైనల్ రెండో మ్యాచ్. మావాళ్లు మొదటిది బార్సిలోనాలో, ఆ ఊరి క్లబ్ మీదే, 3-0తో ఓడి వచ్చారు. సలా లేడు, ఫిర్మినో లేడు. అయినా ఒరిగి ఒకటి, వైనాల్డమ్ రెండు నిమిషాల్లో రెండు కొట్టి, రెండు మ్యాచ్‌లూ కలిపి లెక్క 3-3 చేశారు. ఇంకొక్కటి పడితే ఫైనల్. 78వ నిమిషం దాటింది. నా ఫోన్ ఇటుక మీద నిలబెట్టి ఉంది, చేతిలో టీ చల్లారిపోయింది.

ఒక్కసారిగా నిశ్శబ్దం. కరెంటు పోయింది. ఫోన్‌కు ఏమీ కాలేదు, ఆట నడుస్తూనే ఉంది. ఆగిపోయింది ఏరియేటర్లు. నాలుగు చెరువులు, కోతకు ఇంకో మూడు వారాలు. ఇస్తాంబుల్ గుర్తొచ్చింది, బావ గుర్తొచ్చాడు. లేచి చీకట్లో గట్టు మీద పరిగెత్తాను. జనరేటర్ మొదటిసారి తిప్పితే దగ్గి ఊరుకుంది. రెండోసారికి అందుకుంది. స్విచ్‌లు ఒక్కొక్కటే వేసి తిరిగొచ్చేసరికి ఎర్రచొక్కాలన్నీ ఒకదాని మీద ఒకటి పడి ఉన్నాయి. 4-0.

ఏం జరిగిందో మీలో చాలామందికి తెలుసు. బంతి అందించే 14 ఏళ్ల కుర్రాడు చప్పున బంతి ఇచ్చాడు, అలెగ్జాండర్-ఆర్నాల్డ్ వెళ్లిపోతున్నట్టు రెండడుగులు వేసి, వెనక్కి తిరిగి కార్నర్ కొట్టేశాడు. బార్సిలోనా వాళ్లు ఇంకా వీపులు తిప్పి ఉండగానే ఒరిగి గోల్‌లోకి నెట్టేశాడు. ఆ కార్నర్‌ను ప్రపంచమంతా లైవ్‌లో చూసింది. నేను డీజిల్ వాసన చూశాను.

రొయ్యలు బతికాయి. బావ ఆ పంటకు నాకొక కొత్త ఫోన్ కొనిచ్చాడు.

ఫుట్‌బాల్ అభిమానులంటే రౌడీలే కదా?

రౌడీలు ఉన్నారు. మావాళ్లలోనూ ఉన్నారు. 1985 మే 29న బ్రస్సెల్స్‌లోని హైసెల్ స్టేడియంలో యువెంటస్‌తో ఫైనల్‌కు ముందు లివర్‌పూల్ అభిమానులు ఎదుటివాళ్ల మీదికి దూసుకెళ్లారు. గోడ కూలింది. 39 మంది చనిపోయారు, ఎక్కువమంది ఇటలీవాళ్లు. ఇంగ్లండ్ క్లబ్బులను ఐదేళ్లు యూరప్ పోటీల నుంచి వెలివేశారు, లివర్‌పూల్‌ను ఇంకో ఏడాది ఎక్కువ. ఇస్తాంబుల్ గురించి ఛాతీ విరుచుకునేవాడు ఇది కూడా చెప్పాలి.

రెండోది 1989 ఏప్రిల్ 15, షెఫీల్డ్‌లో హిల్స్‌బరో. గేటు తెరిచి అప్పటికే కిక్కిరిసిన కంచెల్లోకి జనాన్ని వదిలారు. 97 మంది ప్రాణాలు పోయాయి, అందులో పదేళ్ల పిల్లవాడున్నాడు. తాగి వచ్చారు, తోసుకున్నారు అని నింద అభిమానుల మీదే వేశారు. కుటుంబాలు వదల్లేదు. 27 ఏళ్ల తర్వాత, 2016లో, జ్యూరీ తేల్చింది: అభిమానుల తప్పు లేదు, ఇవి చట్టవిరుద్ధంగా జరిగిన మరణాలు అని.

ఇది ఎక్కడో ఇంగ్లండ్ సంగతిలా నాకు అనిపించదు. 2022 డిసెంబర్ 28న మన కందుకూరులో ఇరుకు సందులో జరిగిన రాజకీయ సభలో 8 మంది చనిపోయారు. 2025 జూన్ 4న బెంగళూరులో క్రికెట్ విజయోత్సవానికి వెళ్లి 11 మంది. కలకత్తా ఈడెన్ గార్డెన్స్‌లో 1980 ఆగస్టు 16న మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్ మ్యాచ్‌లో 16 మంది. ప్రతిసారీ టీ బంకు దగ్గర వినే మొదటి మాట ఒకటే, “ఎవరు పొమ్మన్నారు వీళ్లను?” నాకు ఆ మాట వింటే ఒళ్లు మండుతుంది. గేటు ఎంత వెడల్పుందో, ఎన్ని తెరిచారో ముందు అడగాలి.

సరే, అరవడం తప్ప అభిమానుల వల్ల ఏమైనా అవుతుందా?

అవుతుంది. 2016లో లివర్‌పూల్ యాజమాన్యం కొత్త స్టాండ్‌లో టికెట్ ధర 77 పౌండ్లదాకా పెంచుతామంది. ఫిబ్రవరి 6న సండర్‌లాండ్‌తో ఆట, మావాళ్లు 2-0తో గెలుస్తున్నారు. సరిగ్గా 77వ నిమిషంలో వేలమంది లేచి బయటికి నడిచారు. ఆ తర్వాత సండర్‌లాండ్ రెండు కొట్టి 2-2 చేసింది. కొద్దిరోజుల్లోనే యాజమాన్యం క్షమాపణ చెప్పి ధర వెనక్కి తీసుకుంది. నా నియమం ప్రకారం విజిల్ కాకముందు లేవడం పాపం. ఆ పాపం నేనూ చేసేవాణ్ణే.

2021 ఏప్రిల్ 18న 12 పెద్ద క్లబ్బులు కలిసి సూపర్ లీగ్ అని ప్రకటించాయి. ఓడినా కిందికి పడని క్లబ్బుల ఆట. అభిమానులు రోడ్డెక్కారు. రెండు రోజుల్లో ఆరు ఇంగ్లండ్ క్లబ్బులూ, లివర్‌పూల్‌తో సహా, తప్పుకున్నాయి.

అన్నిటికన్నా నాకు ఇష్టమైనది లండన్‌లోని వింబుల్డన్ ఫుట్‌బాల్ క్లబ్ కథ. 2002లో ఆ క్లబ్బును ఊరి నుంచి లేపి దూరంగా మిల్టన్ కీన్స్‌కు తీసుకెళ్లడానికి అనుమతిచ్చారు. అభిమానులు ఏడ్చి ఊరుకోలేదు, సొంతంగా ఏఎఫ్‌సీ వింబుల్డన్ పెట్టుకున్నారు. బాగా కింది లీగ్ నుంచి మొదలుపెట్టి 2011కల్లా పై నాలుగు డివిజన్లలోకి వచ్చేశారు. మన హైదరాబాద్ ఎఫ్‌సీ 2022 మార్చి 20న గోవాలో కేరళ బ్లాస్టర్స్‌ను పెనాల్టీల్లో ఓడించి ఇండియన్ సూపర్ లీగ్ (ఐఎస్‌ఎల్) కప్పు ఎత్తింది. 2025లో ఢిల్లీకి తరలిపోయి పేరు మార్చుకుంది. మూడేళ్లలో ఇంత. గచ్చిబౌలిలో డప్పులు కొట్టిన కుర్రాళ్లు ఇప్పుడు ఎవరి కోసం కొట్టాలి?

మన దేశం ఆట చూడరా? విదేశీ క్లబ్బుల మోజేనా?

ఈ ప్రశ్న అడిగేవాళ్లలో ఎక్కువమంది మన దేశం ఆటా చూడరు, విదేశం ఆటా చూడరు. అయినా చెబుతా. చెన్నై క్లబ్ చెన్నైయిన్ ఆటకు వెళ్తాను. నెల్లూరు నుంచి రైలెక్కితే సెంట్రల్‌లో దిగి నెహ్రూ స్టేడియానికి నడిచిపోవచ్చు. అక్కడ నాకు తమిళ నినాదాలు సగం అర్థం కావు, గొంతు మాత్రం పూర్తిగా పోతుంది.

సికింద్రాబాద్‌లో పుట్టిన సునీల్ ఛెత్రి 2018 జూన్‌లో ఒక వీడియో పెట్టాడు. అంతకు ముందు రోజు ముంబైలో చైనీస్ తైపీని 5-0తో ఓడించారు, ఛెత్రి హ్యాట్రిక్. చూసినవాళ్లు 2,569 మంది. తిట్టడానికైనా రండి, కానీ స్టేడియానికి రండి అని బతిమాలాడు. జూన్ 4న కెన్యాతో అతని నూరో మ్యాచ్‌కు టికెట్లన్నీ అయిపోయాయి. దేశం కెప్టెన్ చేతులు జోడిస్తే తప్ప కదలని జనం మనం. హైదరాబాద్ స్కూల్ మాస్టారు రహీం సాబ్ కోచ్‌గా ఇండియా 1951, 1962 ఏషియన్ గేమ్స్ బంగారాలు గెలిచింది, 1956 ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచింది. ఈ సంగతి మా స్కూల్లో ఏ మాస్టారూ చెప్పలేదు.

కలకత్తాలో ఈస్ట్ బెంగాల్ గెలిస్తే ఇలిష చేప, మోహన్ బగాన్ గెలిస్తే రొయ్య ధర పెరుగుతుందని సామెతలా చెప్పుకుంటారు. ఆ లెక్కన మా జిల్లా మొత్తం మోహన్ బగాన్ వైపు ఉండాలి. బావకు చెబితే వెంటనే అడిగాడు, “వాళ్ల ఆటలెప్పుడు? 50 కౌంట్ (కిలోకు 50 రొయ్యలు) అప్పుడు అమ్ముదాం.”

లివర్‌పూల్ సొంత స్టేడియం యాన్‌ఫీల్డ్ చూశారా?

లేదు. వీసా, టికెట్, విమానం, చలి. ఏదో ఒకరోజు.

కానీ అక్కడి కోప్ స్టాండ్ పేరు వెనక కథ తెలిశాక ఆ ఊరు మరీ పరాయిది అనిపించడం లేదు. దక్షిణాఫ్రికాలోని నటాల్‌లో స్పియన్ కోప్ అనే కొండ ఉంది. 1900 జనవరిలో బోయర్ యుద్ధంలో అక్కడ బ్రిటిష్ సైనికులు వందల్లో చనిపోయారు, వాళ్లలో చాలామంది లాంకషైర్ ప్రాంతంవాళ్లు. కొండలా నిటారుగా లేచిన స్టాండ్‌కు 1906లో ఆ పేరు వచ్చింది. ఆ యుద్ధంలో, ఆ కొండ దగ్గరే, గాయపడినవాళ్లను స్ట్రెచర్ల మీద మోసుకొచ్చినవాళ్లలో గాంధీ ఉన్నారు. ఆయన కూడగట్టిన దళంలో సుమారు 1,100 మంది భారతీయులు, ఎక్కువమంది చెరకు తోటల కూలీలు. నటాల్ కూలీల్లో తెలుగువాళ్లు బోలెడుమంది. ఆ స్ట్రెచర్ల కర్ర ఒకటైనా మనవాడి భుజం మీద ఉండి ఉంటుందని నా నమ్మకం. జేజికి ఈ వరస చెబితే మొదటిసారి తలూపింది.

ఇంట్లోవాళ్లు ఇప్పటికైనా అలవాటు పడ్డారా?

2025 ఏప్రిల్ 27న టోటెన్‌హమ్‌ను 5-1తో కొట్టి ఇరవయ్యో లీగ్ టైటిల్ గెలిచినప్పుడు అమ్మ లేచి వచ్చి, “అయిపోయిందా? ఇక పడుకో” అంది. అంతకు మించి ఆశించను.

అదే ఏడాది జులై 3న షాపులో ఉండగా ఫోన్లో వార్త. లివర్‌పూల్ ఆటగాడు డియోగో జోటా స్పెయిన్‌లో కారు ప్రమాదంలో పోయాడు, పక్కనే ఉన్న తమ్ముడూ పోయాడు. పెళ్లయి 11 రోజులు. బిల్లు పుస్తకంలో అదే అంకె రెండుసార్లు వేశాను. ఇంటికొచ్చి ఏమీ చెప్పకుండా కూర్చున్నా. అమ్మ సీరియల్ చూస్తోంది. ఏమైందని అడిగితే చెప్పాను. “మీ టీమా?” అంది. అవునన్నా. “పిల్లలున్నారా?” అంది. ముగ్గురన్నా. లేచి టీవీ కట్టేసి వంటింట్లోకి వెళ్లింది. ఆ రాత్రి పాలు విరిగిన సంగతి ఎత్తలేదు.

మేం కూడా వచ్చి మీతో మ్యాచ్ చూడొచ్చా?

రండి. ఏ జట్టువాళ్లయినా ఫరవాలేదు, మాంచెస్టర్ వాళ్లు కాస్త ఎడంగా కూర్చోవాలి. మైపాడు రోడ్డులో గట్టు దారి పట్టుకుంటే చీకట్లో పక్షి ఫ్లెక్సీ కనిపిస్తుంది, ఆ పక్కనే షెడ్డు. చెరువు దగ్గరికి చెప్పులతో దిగొద్దు, రోగాలు అంటుకుంటాయని బావ ఊరుకోడు. టీ ఫ్లాస్కు ఒక్కటే, మీది మీరు తెచ్చుకోండి. టార్చి కూడా తెచ్చుకోండి. కరెంటు పోతే జనరేటర్ దగ్గరికి వంతులవారీగా పరిగెత్తాలి, మొదటి వంతు కొత్తగా వచ్చినవాళ్లది. స్విచ్‌లు ఎడమ నుంచి కుడికి, ఒక్కొక్కటే.